ఎర్రర్ రాని లోటు



పోయిన ఆదివారం కాకినాడ నుంచి ఒక తమ్ముడు మెసేజ్ పెట్టాడు. ఇంజనీరింగ్ రెండో సంవత్సరం. సెకండ్‌హ్యాండ్ ల్యాప్‌టాప్ కొనుక్కున్నాడు. ప్రాజెక్టు కోసం ఏదో సాఫ్ట్‌వేర్ ఎక్కించి తెరవబోతే ‘ఎంఎస్‌వీసీపీ140 డాట్ డీఎల్ఎల్ కనబడలేదు’ అని పెట్టె వచ్చింది. “అక్కా, మా రూములో వాళ్ళు నెట్‌లో ఆ ఫైలు దొరుకుద్ది, దించుకుని సిస్టమ్32లో పడెయ్యమంటున్నారు. పడెయ్యనా?” అని అడిగాడు.

వద్దన్నాను. ఎందుకు వద్దో చెప్పడానికి అరగంట ఫోను పట్టింది. ఫోను పెట్టేశాక అనిపించింది, ఇది ఇక్కడ రాయాల్సిన విషయమేనని. ఈ వరసలో హాస్టళ్ళ గురించి రాశాను, శ్మశానాల దారుల గురించి రాశాను, లంక భూముల గురించి మూడు భాగాలు రాశాను. ఈసారి డీఎల్ఎల్ గురించి. నవ్వుకోండి, పర్లేదు. చివరిలో మళ్ళీ లంక భూముల దగ్గరికే వస్తాం.

ముందు తమ్ముడి సంగతి తేల్చేద్దాం, ఇలాంటి ఇబ్బంది మీలో చాలామందికి వస్తుంది కాబట్టి. ఆ ఫైలు మైక్రోసాఫ్ట్ వాళ్ళది. విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అని ఒక ప్యాకేజీ వాళ్ళ సైటులోనే ఉచితంగా దొరుకుతుంది. అది ఎక్కిస్తే ఆ ఫైలూ దాని తోబుట్టువులూ అన్నీ కలిసి వస్తాయి. మీ విండోస్ 64 బిట్‌ది అయినా సాఫ్ట్‌వేర్ 32 బిట్‌ది కావచ్చు. 32 బిట్ ప్రోగ్రాము 64 బిట్ డీఎల్ఎల్‌ని లోడ్ చేసుకోలేదు, అటుది ఇటూ అంతే. అందుకని రెండు ప్యాకేజీలూ ఎక్కించుకోండి. ఊరూ పేరూ లేని సైటు నుంచి ఒంటరి డీఎల్ఎల్ మాత్రం దించకండి. అది ఫొటో లాంటి ఫైలు కాదు, నడిచే కోడు. ఏ ప్రోగ్రాము దాన్ని పిలుస్తుందో ఆ ప్రోగ్రాముకున్న అధికారాలన్నీ దానికి వచ్చేస్తాయి. 2010 ఆగస్టులో మైక్రోసాఫ్టే ఈ రకం ప్రమాదం మీద హెచ్చరిక ఇచ్చింది. ప్రోగ్రాము డీఎల్ఎల్‌ని వెతుక్కునే దారిలో ఎవడైనా అదే పేరుతో దొంగ ఫైలు పెడితే, అసలుదాని బదులు అది లోపలికొచ్చి కూర్చుంటుందని.

సరే. అసలు డీఎల్ఎల్ అంటే ఏంటి? డైనమిక్ లింక్ లైబ్రరీ. లైబ్రరీ అనే మాట చూసి పుస్తకాలు అనుకోవద్దు. పుస్తకాల సంగతి తర్వాత వస్తుంది.

మన డెల్టా పిల్లలకి ఇది చెప్పడం తేలిక. ధవళేశ్వరం దగ్గర కాటన్ ఆనకట్ట 1847లో మొదలై 1852లో అయింది. అక్కడినుంచి కాలువలు, లాకులు, తూములు. ప్రతి రైతూ తన చేలో నుయ్యి తవ్వుకోడు. పైనుంచి వచ్చే నీళ్ళని తన బోదె దగ్గర తిప్పుకుంటాడు. ప్రోగ్రాములూ అంతే. తెర మీద కిటికీ గీయడం, అక్షరం చూపించడం, ఫైలు సేవ్ చెయ్యడం, ప్రింటరుకి పంపడం. ఈ పనులన్నీ ప్రతి ప్రోగ్రామూ సొంతంగా రాసుకుంటే ఒక్కోటీ ఏనుగంత అవుద్ది. అందుకని ఆ పనుల్ని విడిగా ఫైళ్ళలో పెట్టారు. విండోస్‌లో కెర్నల్32, యూజర్32, జీడీఐ32 అని ఉంటాయి చూడండి, అవి పెద్ద కాలువలు. నోట్‌ప్యాడ్ అయినా, మీ టాలీ అయినా, ఆ నీళ్ళే తాగాలి. మెమొరీలో ఒక కోడు ఒక్కసారి ఉంటే చాలు, పది ప్రోగ్రాములు వాడుకుంటాయి.

ఇంకో సంగతి. ఈఎక్స్ఈ ఫైలూ డీఎల్ఎల్ ఫైలూ లోపల ఒకే అచ్చు. రెండిట్లో ఏది తెరిచి చూసినా మొదటి రెండు అక్షరాలు ఎం, జెడ్ అని ఉంటాయి. మార్క్ జ్బికోవ్‌స్కీ అనే మైక్రోసాఫ్ట్ ఇంజనీరు పొడి అక్షరాలు అవి. ఒకటే జాతి, కానీ ఈఎక్స్ఈని డబుల్ క్లిక్ చేస్తే లేస్తుంది, డీఎల్ఎల్ లేవదు. ఎవరో పిలవాలి. పనంతా దీనిది, ఐకాన్ దానిది. ఇది చదవగానే మీలో కొందరికి ఏ పోలిక తడుతుందో నాకు తెలుసు. కామెంట్లలో రాయడానికి వేళ్ళు దురద పెడుతుంటాయి. ఆ పోలిక నేను చెయ్యను. మనిషిని ఫైలుతో పోల్చడం నాకిష్టం లేదు. డీఎల్ఎల్‌కి ఆకలి లేదు, పిల్లల ఫీజులు లేవు, ఎదురు తిరగడం రాదు.

కాలువ అన్నాక శివారు అనేది ఒకటుంటుంది. పైన ఎవరో తూము కదిపితే కింద శివారు చేలు ఎండుతాయి. దాళ్వాలో వంతులు పెట్టినప్పుడు ఎవరి వంతు ఎవరు తినేస్తారో మనకి కొత్తగా చెప్పాలా? తొంభైల్లో విండోస్‌లో కూడా అచ్చంగా ఇదే గోల. కొత్త సాఫ్ట్‌వేర్ ఎక్కించేటప్పుడు అది తనకి కావలసిన డీఎల్ఎల్‌ని పాతదాని మీద రాసేసేది. తనకి బాగానే నడిచేది. ఆ పాతదాని మీద బతికే ఇంకో ప్రోగ్రాము చచ్చేది. దీనికి ప్రోగ్రామర్లు ‘డీఎల్ఎల్ నరకం’ అని పేరు పెట్టుకున్నారు. విండోస్ 2000లో ముఖ్యమైన ఫైళ్ళకి కాపలా పెట్టారు, ఎవరన్నా మారిస్తే దాచిన కాపీ తెచ్చి మళ్ళీ పెట్టేసేది. ఎక్స్‌పీ నుంచి ఒకే డీఎల్ఎల్ వేరు వేరు వెర్షన్లు పక్కపక్కన ఉండనిచ్చారు. ఇప్పుడైతే చాలా సాఫ్ట్‌వేర్లు తమ డీఎల్ఎల్‌లు తామే మోసుకొస్తున్నాయి. అంటే మళ్ళీ ఎవరి బోరు వాళ్ళదే.

ఇక్కడిదాకా ఏ కంప్యూటర్ మాస్టారైనా చెప్తాడు. నేను చెప్పాలనుకున్నది దీని తర్వాతది.

ప్రోగ్రాము డీఎల్ఎల్‌ని రెండు రకాలుగా పిలుస్తుంది. మొదటిది, పుట్టుకతోనే రాసుకున్న పిలుపు. ప్రోగ్రాము ఫైలులో ఒక జాబితా ఉంటుంది, నాకు ఫలానా ఫలానా డీఎల్ఎల్‌లు, వాటిలో ఫలానా ఫంక్షన్లు కావాలని. మీరు డబుల్ క్లిక్ చెయ్యగానే విండోస్ ఆ జాబితా చదివి ఒక్కొక్కటీ వెతుకుతుంది. ఒక్కటి లేకపోయినా అక్కడే ఆగిపోతుంది. ఎర్రర్ పెట్టె వస్తుంది. ఆ పెట్టెలో లేనిదాని పేరు ఉంటుంది. తమ్ముడికి వచ్చింది ఇదే.

రెండోది ప్లగిన్. ఇక్కడ జాబితా ఉండదు. ఒక ఫోల్డరు ఉంటుంది అంతే. ప్రోగ్రాము లేచాక ఆ ఫోల్డరులోకి తొంగి చూసి, ఉన్న డీఎల్ఎల్‌లని ఒక్కొక్కటిగా లోడ్ చేసి, ముందే ఒప్పందం చేసుకున్న పేరుతో ఒక ఫంక్షన్ ఉందా అని అడుగుతుంది. ఉంటే లోపలికి రానిస్తుంది. మా రోజుల్లో విన్‌యాంప్ ఉండేది. అంబేడ్కర్ జయంతి ఊరేగింపుకి పాటలు వరస పెట్టేది దాంట్లోనే. దాని ప్లగిన్స్ ఫోల్డరులో ఇన్ అండర్‌స్కోర్ ఎంపీ3 అనే డీఎల్ఎల్ ఎంపీ3 పాటని చదివేది, అవుట్ అని మొదలయ్యేవి శబ్దాన్ని బయటికి పంపేవి. ఫొటోషాప్ ఫిల్టర్లకి 8బీఎఫ్ అని వేరే తోక ఉంటుంది గానీ లోపల అదీ డీఎల్ఎల్లే.

ప్లగిన్ లేకపోతే ఏమవుద్ది? ఏమీ అవదు. ప్రోగ్రాము హాయిగా లేస్తుంది. మెనూలో ఒక మాట తక్కువుంటుంది. ఆ మాట ఎప్పుడూ చూడనివాడికి అది లేదని కూడా తెలీదు. ఎర్రర్ లేదు, పేరు లేదు, ఆగడం లేదు.

ఈ రెండు రకాల లోట్లకీ తేడా నాకు అమలాపురంలో ఒక డీటీపీ సెంటరులో అర్థమైంది. 2003లో డిగ్రీ చదువుతూ సాయంత్రాలు అక్కడ కంపోజింగ్‌కి వెళ్ళేదాన్ని. పెళ్ళికార్డులు, కరపత్రాలు, పుష్పవతి ఫంక్షన్ల కార్డులు. పేజీకి ఇంత అని లెక్క. ఓనరుగారి దగ్గర సాఫ్ట్‌వేర్ సీడీలన్నీ బీరువాలో ఉండేవి, తాళం ఆయన మొలతాడుకి. ఎర్రర్ వస్తే ‘సిస్టమ్ అబ్బాయి’ రాజమండ్రి నుంచి రావాలి. వచ్చి మూడొందలు తీసుకునేవాడు. వాడు చేసేదల్లా ఫ్లాపీలోంచి ఒక డీఎల్ఎల్ తీసి ఫోల్డరులో వెయ్యడం. నేను వెనకాల నిలబడి చూస్తుంటే, “ఎందుకమ్మా నీకు, నువ్వు టైపు చేసుకో” అనేవాడు. నేను ఆ ఎర్రర్ పెట్టెలో ఉన్న పేర్లు నోట్‌బుక్కులో రాసుకోవడం మొదలుపెట్టాను. ఆరు నెలలకి ఆ అబ్బాయి రావాల్సిన పని లేకుండా పోయింది. ఓనరుగారు నాకు జీతం పెంచలేదు, అది వేరే విషయం. కానీ ఆ నోట్‌బుక్కు ఇప్పటికీ నా దగ్గరుంది.

పేరు పెట్టి ఎర్రర్ వచ్చిన ప్రతిదాన్నీ నేను తెచ్చుకోగలిగాను. నన్ను ఇబ్బంది పెట్టింది ఎర్రర్ రానిది.

నెట్ సెంటరుకి వెళ్ళి ఇంటర్నెట్‌లో తెలుగు చదవాలని ప్రయత్నించిన తరం మాది. యూనికోడ్‌లో తెలుగుకి 128 గళ్ళు ఇచ్చారు. అ, ఆ, క, ఖ, గుణింతపు గుర్తులు, పొల్లు. వత్తులకి వేరే గడి లేదు. క వత్తు కావాలంటే ముందు అక్షరం, పొల్లు, తర్వాత క రాయాలి. ఆ మూడిటినీ కలిపి వత్తుగా తెర మీద పోసే పని ఇంకెవరో చెయ్యాలి. విండోస్‌లో ఆ ఎవరో ఒక డీఎల్ఎల్. పేరు యూఎస్‌పీ10. యూనిస్క్రైబ్ అంటారు. ‘అంబేడ్కర్’ అనే పేరు యూనికోడ్‌లో తొమ్మిది గుర్తులు. అ, సున్నా, బ, ఏత్వం, డ, పొల్లు, క, ర, పొల్లు. ఫాంటు ఉండి ఈ డీఎల్ఎల్‌కి తెలుగు రాకపోతే ఆ తొమ్మిదీ విడివిడిగా పడేవి. డ కింద చేరాల్సిన క పక్కకి వచ్చి నిలబడేది. ఫాంటు కూడా లేకపోతే తొమ్మిది ఖాళీ డబ్బాలు.

విండోస్ 2000లో హిందీకీ తమిళానికీ చోటిచ్చారు. తెలుగుకి 2001లో వచ్చిన ఎక్స్‌పీ దాకా ఆగాల్సి వచ్చింది. పాపం మలయాళం, బెంగాలీ వాళ్ళు 2004 సర్వీస్ ప్యాక్ 2 దాకా ఆగారు. ఎక్స్‌పీతో వచ్చిన తెలుగు ఫాంటు పేరేంటో తెలుసా? గౌతమి. మన యానాం పక్కనుంచి సముద్రంలోకి పోయే పాయ పేరే. సరే మన గోదారి కంప్యూటర్‌లోకి వచ్చిందని సంబరపడితే, అది అందరి కంప్యూటర్లలోకీ రాలేదు. కంట్రోల్ ప్యానెల్‌లో రీజినల్ అండ్ లాంగ్వేజ్ ఆప్షన్స్‌కి వెళ్ళి, ‘కాంప్లెక్స్ స్క్రిప్టులు, కుడి నుంచి ఎడమకి రాసే భాషల ఫైళ్ళు’ అనే చోట టిక్కు పెట్టాలి. అప్పుడు పది ఎంబీ జాగా కావాలని చెప్పి విండోస్ సీడీ అడిగేది. సీడీ ఎవరి దగ్గరుంటుంది? మళ్ళీ బీరువా తాళమే.

ఆ టిక్కు పెట్టలేదని ఏ కంప్యూటరూ ఎర్రర్ చూపించలేదు. నెట్ సెంటర్లు బ్రహ్మాండంగా నడిచాయి. పరీక్షా ఫలితాలు చూసుకున్నారు, హాల్‌టికెట్లు తీసుకున్నారు. తెలుగు లేకపోవడం అక్కడ లోటుగా నమోదు కాలేదు. 2006 ప్రాంతంలో లేఖిని వచ్చాక నాలాంటివాళ్ళం దొంగచాటు వైద్యం నేర్చుకున్నాం. ఆఫీస్ 2003 ఎక్కించిన సిస్టమ్‌లో దాని సొంత ఫోల్డరులో కొత్త యూఎస్‌పీ10 ఉండేది. దాన్ని కాపీ చేసి మనకి కావలసిన ప్రోగ్రాము ఫోల్డరులో పెడితే, ప్రోగ్రాము ముందు తన ఇంట్లోనే వెతుక్కుంటుంది కాబట్టి దాన్ని వాడుకునేది. పైన ఏ దారిని నేను ప్రమాదమన్నానో ఆ దారే. మాకు ఆ దారిలోనే తెలుగు వచ్చింది. 2007లో విస్టా వచ్చాక టిక్కు పెట్టాల్సిన పని పోయింది. ఇప్పటి పిల్లలకి ఈ బాధ తెలీదు, తెలియక్కర్లేదు కూడా.

ఆ అంబేడ్కర్ పేరు తర్వాత మన జిల్లాకి పెడతామంటే 2022 మే 24న అమలాపురంలో ఇళ్ళు తగలబెట్టారు. ఒక మంత్రి ఇల్లు, ఒక ఎమ్మెల్యే ఇల్లు. ఇంటర్నెట్ ఆపేశారు. అది పేరు పెట్టి అడిగినప్పుడు వచ్చిన ఎర్రర్. పెట్టె పైకొచ్చింది, దేశమంతా చూసింది, మనం పేరు పేరునా జవాబు చెప్పగలిగాం, ఇవాళ జిల్లాకి ఆ పేరు ఉంది. నన్ను రాత్రిళ్ళు నిద్రపోనివ్వనివి పెట్టె రానివి.

ఉదాహరణకి గూగుల్ ఫాంట్స్‌లో తెలుగు ఫాంట్ల జాబితా తీసి చూడండి. పెద్దన ఉన్నాడు, తిమ్మన ఉన్నాడు, ధూర్జటి, సూరన, తెనాలి రామకృష్ణుడు ఉన్నారు. రాయలవారు సరేసరి. గిడుగు, గురజాడ ఉన్నారు. మంచిదే, ఆ ఫాంట్లు చేసి ఉచితంగా ఇచ్చినవాళ్ళకి దండం పెడతాను, నేనూ వాడతాను. జాషువా నాకు కనబడలేదు. మామిడికుదురులో పుట్టిన బోయి భీమన్న కనబడలేదు. కుసుమ ధర్మన్న కనబడలేదు. ఎవరో పనిగట్టుకుని తీసేశారని నేను అనడం లేదు. ఫోల్డరులో ఎవరూ పెట్టలేదు, అంతే. మెనూ నిండుగానే ఉంది.

ధర్మన్నగారిది రాజమండ్రి. వైద్యుడు, కవి, ‘జయభేరి’ పత్రిక నడిపినవాడు. తెల్లదొరతనం వద్దని ఊరంతా పాడుతుంటే నల్లదొరతనం కూడా వద్దని రాసినవాడు. అదే రాజమండ్రిలో నూరేళ్ళు దాటిన గౌతమీ గ్రంథాలయం ఉంది, తాళపత్రాలు కూడా ఉన్నాయి దాంట్లో. (చూశారా, నది గౌతమి, ఫాంటు గౌతమి, లైబ్రరీ గౌతమి.) పాతికేళ్ళుగా ఈ పనిలో తిరుగుతున్నాను, ‘జయభేరి’ సంచిక ఒక్కటి నా చేతికి రాలేదు. ఎవరి దగ్గరన్నా ఉంటే చెప్పండి.

ఇప్పుడు లంక భూముల దగ్గరికి వస్తున్నాను.

మా చిన్నాన్న మీలో చాలామందికి తెలుసు, పేరు రాయను, ఆయనకి ఇష్టం ఉండేది కాదు. చుండూరు తర్వాత ఉద్యమంలోకి వచ్చిన తరం. 2002 నుంచి ఏడేళ్ళపాటు నాలుగు పేజీల బులెటిన్ తెచ్చాడు. డబ్బులున్న నెల వచ్చేది, లేని నెల రాదు. దాన్ని నేనే కంపోజ్ చేసేదాన్ని, రాత్రి సెంటరు మూసే టైములో. పేజ్‌మేకర్‌లో. ప్రింటయినవి పంచేసేవాళ్ళం, దాచుకోవాలన్న బుద్ధి ఎవరికుంటుంది? ఆయన 2019లో పోయాక పిన్ని ఒక హార్లిక్స్ అట్టపెట్టె ఇచ్చింది. దాంట్లో ఫ్లాపీలు, సీడీలు కలిపి నలభై ఒకటి.

వాటిలో 2004 నాటి బులెటిన్ ఒకటి నాకు కావాలి. గోదారి లంకల్లో ఒక లంక, పేరు ఇక్కడ చెప్పను, అర్జీ నడుస్తోంది కాబట్టి. అక్కడ మన కుటుంబాలు అరవై మూడు తరతరాలుగా సాగు చేస్తున్నాయి. చిన్నాన్న ఆ ఏడాది పడవ మీద వెళ్ళి ఇల్లిల్లూ తిరిగి జాబితా రాశాడు. కుటుంబం పెద్ద పేరు, ఎన్ని సెంట్లు, ఏ పంట, ఎన్నేళ్ళుగా. ఆ తర్వాత వరదల్లో కొంత భూమి కోసుకుపోయింది, కొంత కొత్తగా మేట వేసింది. ఇప్పుడు ఆ మేట మాదంటూ వేరేవాళ్ళు వచ్చారు. అర్జీ తీసుకున్నచోట “మీరు అప్పుడు సాగులో ఉన్నారనడానికి కాగితం ఏదైనా ఉందా?” అని అడిగారు. బులెటిన్ పట్టా కాదని నాకూ తెలుసు. కానీ తేదీతో, పేర్లతో, సెంట్లతో 2004లో అచ్చయిన కాగితం ఒకటి ఉండటానికీ లేకపోవడానికీ తేడా ఉంది.

ఫైలు దొరికింది. తెరవడానికి పేజ్‌మేకర్ కావాలి. అది 7తో ఆగిపోయిన సాఫ్ట్‌వేర్, 2001 నాటిది. పేజ్‌మేకర్ ఫైళ్ళు తెరవగలిగే వేరే సాఫ్ట్‌వేర్ ఒక మిత్రుడి ఆఫీసులో ఉంటే దాంట్లో వేశాం. తెరుచుకుంది. అక్షరాలన్నీ ఇంగ్లీషు పిచ్చిగీతలు. అప్పటి తెలుగు ఫాంట్లు యూనికోడ్ కాదు. ఇంగ్లీషు అక్షరాలుండాల్సిన గళ్ళలో తెలుగు ముక్కలు, తలకట్లు, కొమ్ములు, వత్తులు కూర్చోబెట్టేవారు. ఫాంటు ఉంటే కంటికి తెలుగు, కంప్యూటర్‌కి మాత్రం ఎప్పుడూ అది తెలుగు కాదు. అందుకే ఆ రోజుల్లో మనవాళ్ళు కంపోజ్ చేయించిన కరపత్రాలు, సావనీర్లు, కవితా సంకలనాల ఫైళ్ళు గూగుల్‌కి గానీ మీ కంప్యూటర్ సెర్చ్‌కి గానీ చిక్కవు. ‘కారంచేడు’ అని వెతికితే, ఆ మాట వందసార్లున్న ఫైలు పక్కనే ఉన్నా, ఫలితాలు సున్నా అంటుంది.

ఫాంటు తెచ్చి వేశాం. శీర్షిక వచ్చింది. చిన్నాన్న రాసిన వ్యాసం వచ్చింది. మూడో పేజీలో జాబితా ఉండాల్సిన చోట తెల్లగా ఉంది.

పేజీ విరగలేదు. ఏ ఫైలూ దొరకలేదని చెప్పలేదు. కింద పేజీ నంబరు కూడా చక్కగా పడింది. బులెటిన్ ఎప్పుడూ చూడనివాళ్ళయితే అక్కడ ఖాళీ వదిలారనుకుంటారు. ఆ జాబితా నేనే చేశాను కాబట్టి నాకు తెలుసు. అది పేజీలో గీసిన గడుల పట్టిక కాదు. పట్టికల కోసం వేరే చిన్న ప్రోగ్రాము ఉండేది, దాంట్లో చేసి ఓఎల్ఈ అనే పద్ధతిలో పేజీకి తగిలించేవాళ్ళం. ఇంకో సాఫ్ట్‌వేర్‌లోకి వచ్చేటప్పుడు అలా తగిలించినవి రావు. అరవై మూడు కుటుంబాలు దారిలో దిగిపోయాయి.

పాత ఎక్స్‌పీని వర్చువల్ మెషీన్‌లో, అంటే కంప్యూటర్ లోపల ఉత్తుత్తి కంప్యూటర్‌లో ఎక్కించి, పేజ్‌మేకర్ 7 వేసి, ఫాంట్లు వేసి, నా పాత నోట్‌బుక్కు పక్కన పెట్టుకుని కూర్చున్నాను. ఎర్రర్లు వచ్చాయి. వస్తే సంతోషమేసింది, నిజంగా చెప్తున్నాను. ఒక్కో పేరు చూసి ఒక్కో డీఎల్ఎల్ పాత సీడీల్లోంచి తెచ్చి పెట్టాను. నాలుగో రోజు రాత్రి పట్టిక కనిపించింది. మొదటి భాగం, ముప్పై ఏడు పేర్లు. రెండో భాగం ఇంకో ఫైలులో ఉంది.

ఆ ముప్పై ఏడు పేర్లూ ప్రింటు తీసుకుని లంకకి వెళ్ళాం. చదువుతుంటే జనం మూగారు. ఒక మామ్మ గడప దగ్గర కూర్చుని వింటోంది. పంతొమ్మిదో పేరు చదవగానే, “ఆయ్, ఆయన మా ఆయనే. తొంభై సెంట్లని రాశాడా మీ చిన్నాన్న? ఎకరం పది సెంట్లు. ఆ రోజు ఈయన తాగున్నాడు, సరిగా చెప్పలేదు” అంది. నవ్వులు. నేను పెన్నుతో దిద్దబోతే పక్కనున్న కుర్రాడు వద్దక్కా, అప్పటి కాగితం అప్పటిలానే ఉండనీ, మామ్మ చెప్పింది విడిగా రాద్దాం అన్నాడు. ఆ కుర్రాడు లా చదువుతున్నాడు. విడిగానే రాశాం, వేలిముద్ర వేయించాం. తర్వాత మామ్మ అడిగింది, “మరి మా మరిది పేరు లేదేంటి?” రెండో ఫైలులో ఉంది మామ్మా అన్నాను.

ఆ రెండో ఫైలు వేరే సెంటరులో కంపోజ్ అయింది. అక్కడ వాడిన తెలుగు సాఫ్ట్‌వేర్‌కి ప్యారలల్ పోర్టుకి తగిలించే తాళం ఉండేది. తాళం లేకపోతే దాని డీఎల్ఎల్ ఫాంట్లని లేవనివ్వదు. తాళం నాకు దొరికింది, ఆ సెంటరు నడిపినాయన అటక మీద వెతికి ఇచ్చాడు, ఊరికే ఇచ్చాడు. దాన్ని తగిలించడానికి పోర్టు లేదు. ఇప్పటి కంప్యూటర్లకి ఆ ఇరవై అయిదు బొక్కల పోర్టు రాదు. యూఎస్‌బీకి మార్చే తీగలు ప్రింటరుకి పనికొస్తున్నాయి, తాళాన్ని గుర్తుపట్టడం లేదు. రెండు రకాలు కొని చూశాను.

కాబట్టి అడుగుతున్నాను. వెనకాల ప్యారలల్ పోర్టు ఉన్న పాత సీపీయూ, పెంటియం 3 అయినా 4 అయినా, ఎవరింట్లోనైనా, మూతబడ్డ డీటీపీ సెంటరులోనైనా ఉంటే పాత ఇనుముకి వెయ్యకండి. హార్డ్‌డిస్కు పోయినా పర్లేదు, బోర్డు బాగుంటే చాలు. అలాగే 1990 నుంచి 2010 మధ్య సంఘాల కరపత్రాలు కంపోజ్ చేసినవాళ్ళు ఎవరున్నా ఫ్లాపీలు, సీడీలు పారెయ్యకముందు నాకు ఒక మాట చెప్పండి. ఏ ఫాంటు వాడారో గుర్తుంటే సీడీ మీద రాసి పెట్టండి. పి.గన్నవరం నుంచి నరసాపురం దాకా ఎక్కడైనా నేనే వచ్చి తీసుకెళ్తాను. అర్జీ విచారణ వచ్చే నెల రెండో వారంలో ఉంది.